తెర మీది అమ్మ, ఇంట్లో అమ్మ: మెక్సికో చెప్పే కథ

మెక్సికోలో మే 10వ తేదీ ఏ వారం వచ్చినా తల్లుల దినమే. చాలా దేశాల్లోలాగా ఆదివారం కోసం ఆగరు. తెల్లవారకముందే పిల్లలు అమ్మ కిటికీ దగ్గర చేరి పాట పాడతారు. బడుల్లో తల్లులను కూర్చోబెట్టి వాళ్ళ ముందు నాట్యాలు చేస్తారు. మధ్యాహ్నానికి హోటళ్ళలో కుర్చీ దొరకదు. మీసం మెలేసి తుపాకీ పట్టే మొనగాడు కూడా అమ్మ ముందు పసివాడైపోతాడని అక్కడి పాత సినిమాలు చెబుతాయి. ఇంత లోతుగా పాతుకుపోయిన ఈ పండుగ ఎన్ని శతాబ్దాల నాటిదని మీరనుకుంటున్నారు?

సరిగ్గా 1922 నాటిది. దాన్ని మొదలుపెట్టింది ఒక దినపత్రిక.

ఆ ఏడాది మెక్సికో ఆగ్నేయ మూలన ఉన్న యుకతాన్ రాష్ట్రంలో ఫెలిపె కరియో పుయెర్తొ అనే సోషలిస్టు నాయకుడు గవర్నరు అయ్యాడు. అమెరికన్ నర్సు మార్గరెట్ శాంగర్ సంతాన నిరోధం గురించి రాసిన చిన్న పుస్తకం అక్కడ స్పానిష్‌లో అచ్చయి జనంలోకి వెళ్ళింది. సంప్రదాయవాదులు భగ్గుమన్నారు. రాజధానిలోని ఎక్సెల్సియర్ పత్రిక అధిపతి రఫాయెల్ అల్దుసిన్ ఏప్రిల్‌లో ఒక పిలుపునిచ్చాడు: దేశమంతా కలిసి తల్లులను పూజించే రోజు ఒకటి ఉండాలని. చర్చి సరేనంది, విద్యాశాఖ సరేనంది. నెల తిరక్కుండానే పండుగ వచ్చేసింది. ఎంతమందిని కనాలో స్త్రీయే నిర్ణయించుకోవచ్చన్న మాటకు జవాబుగా ఈ పండుగ పుట్టిందన్న సంగతిని మర్తా అసెవేదో అనే స్త్రీవాద రచయిత్రి 1982లో పాత పత్రికలు తిరగేసి బయటపెట్టింది. తర్వాతి సంవత్సరాల్లో ఎక్కువమంది పిల్లల్ని కన్న తల్లులకు ఆ పత్రిక బహుమతులు కూడా ఇచ్చింది.

స్పానిష్ మాట్లాడే కుటుంబాల్లో తల్లికీ కొడుక్కూ మధ్య ఉండే బంధం గురించి రాసేవాళ్ళంతా దాన్ని "ఆ జాతి స్వభావం" అని ఒక్క మాటలో తేల్చేస్తారు. స్వభావం అనుకున్నదానికి పుట్టిన తేదీ, అచ్చువేసిన కార్యాలయం దొరికాయంటే కాస్త ఆగి చూడవలసిందే. స్పానిష్ అధికార భాషగా ఉన్న దేశాలు దాదాపు ఇరవై. వీటి నుంచి వచ్చి అమెరికాలో స్థిరపడిన వారిని అక్కడి జనాభా లెక్కల్లో హిస్పానిక్‌లు అంటారు. 2020 లెక్కల ప్రకారం వాళ్ళు 6 కోట్ల 20 లక్షల మంది. వీళ్ళందరినీ ఒకే తాటికి కట్టడం కుదరదు. అందుకని మనం ఎక్కువగా మెక్సికోలోనే ఉందాం. అవసరమైనప్పుడు పక్క దేశాలకు వెళ్ళి వద్దాం.

మాటల్లో అమ్మ

ముందు భాష సంగతి. మనకు ఇంటిపేరు తండ్రి వైపు నుంచి ఒక్కటే వస్తుంది. స్పానిష్ కుటుంబాల్లో రెండు వస్తాయి: ముందు తండ్రిది, వెనక తల్లిది. పెళ్ళయినా స్త్రీ ఇంటిపేరు మారదు. కాబట్టి గాబ్రియెల్ గార్సియా మార్కెస్ పేరులో మార్కెస్ అనేది ఆయన తల్లి ఇంటిపేరు. చిత్రకారుడు పికాసో తండ్రి పేరు రూయిస్. ఆయన దాన్ని వదిలేసి అమ్మ ఇంటిపేరుతోనే సంతకం చేశాడు. కవి లోర్కాను ప్రపంచం పిలిచేది కూడా తల్లి పేరుతోనే.

మెక్సికోలో మగవాళ్ళు స్నేహితుల మధ్య అమ్మను "హెఫా" అంటారు. అంటే పై అధికారి. ముద్దుగా "తెల్లతల" అనీ అంటారు. బిడ్డ తల్లి కొంగు వదలకపోతే "మమీతిస్" వచ్చిందంటారు. టాన్సిలైటిస్, అపెండిసైటిస్ లాంటి జబ్బుల పేర్లకుండే తోకనే అమ్మకు తగిలించి చేసిన మాట ఇది. పెద్దయి పెళ్ళయిన కొడుక్కి కూడా ఈ జబ్బు అంటగట్టి నవ్వుకుంటారు. అదే సమయంలో మెక్సికన్ తిట్లలో అతి ఘోరమైనవీ అమ్మ మాటతోనే తయారయ్యాయి. వాటిని అనువదించే సాహసం ఈ పత్రికలో చేయను.

పళ్ళు పీకించుకున్న నటి

మెక్సికో సినిమాకు 1930ల చివరి నుంచి 1950ల దాకా స్వర్ణయుగం అంటారు. ఆ కాలంలో తెర మీది అమ్మకు రూపం ఇచ్చిన నటి సారా గార్సియా. 1895లో ఒరిసాబాలో పుట్టింది. ముసలి పాత్రలు సహజంగా కనిపించాలని నలభై ఏళ్ళకు అటూ ఇటూ ఉండగా పద్నాలుగు పళ్ళు పీకించుకుంది. నెరిసిన విగ్గు, శాలువా, బోసినోరు. జనం ఆమెను మెక్సికో అమ్మమ్మ అని పిలిచారు. 1973 నుంచి ఒక తాగే చాక్లెట్ పొట్లం మీద ఆమె బొమ్మే ఉంది, ఈనాటికీ మెక్సికన్ వంటిళ్ళలో కనిపిస్తుంది.

1941లో వచ్చిన "క్వాందో లోస్ ఇహోస్ సె వాన్" అనే చిత్రం ఈ తరహాకు మూలవిరాట్టు. పేరుకు అర్థం "పిల్లలు వెళ్ళిపోయినప్పుడు". దర్శకుడు హువాన్ బుస్తియో ఓరో. చేయని దొంగతనం కొడుకు మీద పడుతుంది. తండ్రి వాణ్ణి ఇంట్లోంచి వెళ్ళగొడతాడు, తల్లి ఒక్కతే నమ్ముతుంది. కొడుకు రాజధానికి పోయి రేడియో గాయకుడవుతాడు. ఇక్కడ ఎవరెవరు ఏ పనిలో ఉన్నారో గమనించండి. తీర్పు చెప్పేది తండ్రి. తప్పు చేసినట్టు నిందపడేది కొడుకు. భరించేది తల్లి. ఆమె చేతిలో డబ్బు లేదు, ఆస్తి లేదు, మాట చెల్లదు. ఉన్నదల్లా కన్నీళ్ళూ ఓర్పూ. సినిమా వాటికే కిరీటం పెడుతుంది. సారా గార్సియాకు నిజ జీవితంలో ఉన్నది ఒక్కతే కూతురు. ఆమె ఇరవై ఏళ్ళ వయసులో, ఈ చిత్రం రావడానికి ముందటి ఏడాది చనిపోయింది.

సినిమా కంటే దూరం వెళ్ళింది రేడియో. 1948 ఏప్రిల్ 1న క్యూబా రాజధాని హవానాలో సి.ఎం.క్యూ. కేంద్రం "ఎల్ దెరేచో దె నసేర్" అనే ధారావాహిక మొదలుపెట్టింది. పేరుకు అర్థం "పుట్టే హక్కు". రచయిత ఫెలిక్స్ కాయిన్యే. భాగాలు మూడు వందల పైచిలుకు. కథ ఇది. ధనిక కుటుంబంలో పెళ్ళి కాని అమ్మాయికి కొడుకు పుడతాడు. పరువు కోసం తాత ఆ పసికందును చంపించమంటాడు. ఆ ఇంటి నల్లజాతి దాసి దొలోరెస్ బిడ్డను తీసుకుని పారిపోయి, రెక్కలు ముక్కలు చేసుకుని పెంచుతుంది. కన్నతల్లి సన్యాసినిగా మఠంలో చేరుతుంది. కొడుకు డాక్టరవుతాడు, ఎవరో తెలియకుండానే ఆ తాతకు రక్తమిచ్చి బతికిస్తాడు. నిజం తెలిసిన తాతకు పక్షవాతం వచ్చి మాట పడిపోతుంది! తాత ఎప్పుడు నోరు తెరుస్తాడా అని శ్రోతలు రోజుల తరబడి రేడియోలకు అతుక్కుపోయారు. ఆ పాత్రధారి జీతం పెంచమని పేచీ పెట్టడంతో రచయిత పాత్రను మూగవాణ్ణి చేశాడని చెప్పుకుంటారు.

ఈ కథ సినిమా అయింది, మెక్సికోలో మళ్ళీ మళ్ళీ టెలివిజన్ ధారావాహిక అయింది. తప్పిపోయిన కొడుకు, వెదికే తల్లి అన్న చట్రం స్థిరపడిపోయింది. 1979లో మొదలైన "లోస్ రికోస్ తంబియేన్ యోరాన్"లో నాయిక మతి చెదిరిన క్షణంలో పసిబిడ్డను లాటరీ టిక్కెట్లు అమ్మే ఒక ముసలామె చేతిలో పెట్టేసి, తర్వాత ఏళ్ళ తరబడి వెదుకుతుంది. పేరుకు అర్థం "ధనికులూ ఏడుస్తారు". సోవియట్ యూనియన్ కుప్పకూలిన 1991-92లో రష్యన్లు ఈ కథను ఊపిరి బిగబట్టి చూశారు. దీన్నే తిరగరాసి 1995లో "మరీయా లా దెల్ బార్రియో" తీశారు.

మెక్సికో నుంచి మన దూరదర్శన్ దాకా

ఇక్కడ మన దేశానికి నేరుగా సంబంధించిన ఒక మలుపు ఉంది.

1969లో పెరూ దేశంలో "సింప్లెమెంతె మరీయా" అనే ధారావాహిక వచ్చింది. పల్లె నుంచి పట్నం వచ్చిన పనిమనిషి మరీయాను ఒక వైద్య విద్యార్థి మోసం చేస్తాడు. ఆమె కొడుకును ఒంటరిగా పెంచుతూ, రాత్రి బడిలో అక్షరాలు దిద్దుకుని, కుట్టుపని నేర్చుకుని, చివరికి పేరున్న దుస్తుల రూపకర్త అవుతుంది. తనకు అక్షరాలు నేర్పిన మాస్టారుతో ఆమె పెళ్ళి దృశ్యం తీసిన రోజు లిమా నగరంలోని చర్చి ముందు సుమారు పది వేల మంది పోగయ్యారు. ఈ ధారావాహిక నడిచిన చోటల్లా కుట్టుమిషన్ల అమ్మకాలు పెరిగాయి, కుట్టు తరగతుల్లో పనిమనుషులు చేరారు.

దీన్ని శ్రద్ధగా గమనించినవాడు మెక్సికన్ దర్శకుడు మిగెల్ సబీదో. మనుషులు తమలాంటి వాళ్ళను చూసి ప్రవర్తన నేర్చుకుంటారన్న ఆల్బర్ట్ బందూరా మనస్తత్వ సిద్ధాంతం ఆయన చదువుకున్నాడు. మంచి ఆదర్శం ఒకటి, చెడు ఆదర్శం ఒకటి, రెంటి మధ్య ఊగే మామూలు పాత్ర ఒకటి పెట్టి కథ అల్లితే జనం మారతారని ఆయన అంచనా. 1975లో వయోజన విద్య కోసం ఒక ధారావాహిక, 1977లో కుటుంబ నియంత్రణ కోసం "అకొంపాన్యామె" తీశాడు. 1922లో ఏ ఆలోచనను అణచడానికి అమ్మ పండుగ పుట్టిందో, 55 ఏళ్ళ తర్వాత అదే ఆలోచనను అమ్మల కథతోనే ఇళ్ళలోకి పంపారన్నమాట. అంతకుముందే, 1974లో, ప్రభుత్వం జనాభా చట్టం మార్చింది. 1960లలో స్త్రీకి సగటున ఏడుగురికి కొద్దిగా తక్కువగా ఉన్న సంతానం ఇటీవలి సర్వేల్లో రెండుకి లోపే ఉంది.

1983లో భారత ప్రభుత్వ సమాచార శాఖ కార్యదర్శి ఎస్.ఎస్. గిల్ మెక్సికో వెళ్ళి సబీదో పద్ధతి చూసి వచ్చారు. మరుసటి ఏడాది జూలైలో దూరదర్శన్‌లో "హమ్ లోగ్" మొదలైంది. మనోహర్ శ్యామ్ జోషి రాశారు. ప్రతి భాగం చివర అశోక్ కుమార్ తెర మీదికి వచ్చి రెండు మాటలు చెప్పేవారు. పెద్దవారికి గుర్తుండే ఉంటుంది. 156 భాగాలు, ప్రేక్షకుల నుంచి దాదాపు 4 లక్షల ఉత్తరాలు.

అందులో భాగవంతి అనే తల్లి ఉంది. తాగుబోతు భర్తను, సూటిపోటి మాటల అత్తను నోరెత్తకుండా భరిస్తుంది. "ఇలా ఉండకూడదు" అని చూపించడానికే ఆ పాత్రను సృష్టించారు. అర్విందు సింఘాల్, ఎవెరెట్ రోజర్స్ తదితరులు ప్రేక్షకుల స్పందనను పరిశోధించినప్పుడు విచిత్రం బయటపడింది. చాలామందికి ఆమె మీద జాలి కలిగింది, కొందరికి ఆమే ఆదర్శమైంది. భరించే అమ్మను తెర మీద పెట్టి "ఈమెలా ఉండకండి" అని చెప్పడం ఎంత కష్టమో ఇంతకంటే బాగా ఎవరూ నిరూపించలేదు. నా మటుకు నాకు సబీదో లెక్కలో పెద్ద లొసుగు ఇదే అనిపిస్తుంది.

పండితులు ఏమన్నారు?

కవి ఒక్తావియో పాస్ 1950లో "ఎల్ లబెరింతొ దె లా సొలెదాద్" రాశాడు. లబెరింతొ అన్న మాటకు మన పద్మవ్యూహం కొంత దగ్గరగా వస్తుంది. అందులో ఆయన కొడుకు మనసును చరిత్రలో వెదికాడు. స్పానిష్ దండయాత్రికుడు ఎర్నాన్ కోర్తెస్‌కు దుబాసీగా ఉన్న స్థానిక స్త్రీ మలింత్సిన్‌కు 1520లలో కోర్తెస్ వల్ల మర్తీన్ అనే కొడుకు పుట్టాడు. తండ్రి వాణ్ణి స్పెయిన్ తీసుకుపోయాడు. మెక్సికన్లు తమను బలాత్కారానికి గురైన తల్లి బిడ్డలుగా భావించుకుంటారనీ, అందుకే ఒకవైపు ఆ తల్లిని చూసి సిగ్గుపడి, మరోవైపు గ్వాదలూపె మాతను కొలుస్తారనీ పాస్ వాదం. చదవడానికి అద్భుతంగా ఉంటుంది. కొలవడానికి వీలుండదు.

1973లో ఎవెలిన్ స్టీవెన్స్ అనే రాజనీతి శాస్త్రజ్ఞురాలు "మరియానిస్మో" అనే మాట ప్రచారంలోకి తెచ్చింది. మగవాడి దర్పానికి జోడుగా, మేరీమాతలా బాధను భరించే స్త్రీకి నైతికంగా పైచేయి దొరుకుతుందని ఆమె సిద్ధాంతం. ఈ మాట పాఠ్యపుస్తకాల్లోకి ఎక్కి కూర్చుంది. 2002లో చరిత్రకారిణి మరిసా నవారో దీని పునాదులు తవ్వి, చేతిలో ఉన్న ఆధారాలు ఇంత పెద్ద మేడను మోయలేవని చూపింది. పొద్దున లేస్తే కూలికి పోయే స్త్రీకి ఏ పైచేయి దక్కిందని ప్రశ్న.

జానపద పరిశోధకుడు అమెరికో పరేదెస్ మరో చమత్కారం కనిపెట్టాడు. మెక్సికన్ వీరగాథల్లో "మాచో" అనే మాట 1940లకు ముందు దాదాపు కనిపించదట! అప్పటి అధ్యక్షుడి పేరు ఆవిలా కమాచో. పాటకు అంత్యప్రాస బాగా కుదిరింది. 1990ల తొలి ఏళ్ళలో రాజధానిలోని సాంతొ దొమింగో అనే బీదల పేటలో కాపురముండి పరిశోధించిన మాథ్యూ గుట్‌మన్‌కు బిడ్డల్ని ఎత్తుకుని తిరిగే తండ్రులు బోలెడంతమంది కనిపించారు.

కొలిచి చూసినవాళ్ళు చెప్పేది ఇంకాస్త నిలకడగా ఉంటుంది. ఏడాది బిడ్డను కొత్త గదిలో ఉంచి, తల్లి కాసేపు బయటికి పోయి తిరిగి వచ్చినప్పుడు బిడ్డ ఎలా స్పందిస్తుందో చూసే పరీక్ష ఒకటి ఉంది. మేరీ ఐన్స్‌వర్త్ రూపొందించింది. తల్లి రాగానే ఊరట పొంది మళ్ళీ ఆటలో పడితే ఆ బంధం భద్రమైనదని లెక్క. అమెరికన్ కొలబద్దతో చూస్తే బిడ్డను పట్టుకుని కూర్చోబెట్టి, చేతులు అదిమి అన్నం పెట్టే తల్లి మరీ జోక్యం చేసుకుంటున్నట్టే. రాబిన్ హార్వుడ్, ఆమె సహచరులు ప్యూర్టో రికో తల్లులతో పనిచేసి చూశారు. ఇది చిన్న అధ్యయనమే కానీ, అక్కడి మధ్యతరగతి తల్లుల్లో అలాంటి శారీరక అదుపు భద్రమైన బంధంతోనే కలిసి కనిపించింది. బిడ్డలో ఏ గుణం కోరుకుంటారని అడిగితే అమెరికన్ శ్వేతజాతి తల్లులు ఆత్మవిశ్వాసం, తన కాళ్ళ మీద తాను నిలబడటం అన్నారు. ప్యూర్టో రికో తల్లులు నలుగురిలో మర్యాదగా మసలుకోవడం అన్నారు. కాబట్టి ఒకచోట అతి గారాబం అనిపించేది మరోచోట శిక్షణ.

1987లో ఫాబియో సబోగల్ బృందం అమెరికాకు వలస వచ్చిన హిస్పానిక్ కుటుంబాలను పరిశీలించింది. కొత్త సమాజంలో కలిసిపోయే కొద్దీ కుటుంబం పట్ల బాధ్యతలు నెరవేర్చి తీరాలన్న భావం తగ్గింది. కష్టమొస్తే కుటుంబం ఆదుకుంటుందన్న నమ్మకం మాత్రం తగ్గలేదు.

ఇవన్నీ కొడుకులకూ కూతుళ్ళకూ కలిపి చేసినవి. కొడుకు సంగతి ప్రత్యేకంగా తెలియాలంటే ఇల్లు ఎవరిదో చూడాలి. మానవ శాస్త్రజ్ఞుడు డేవిడ్ రొబిషో ట్లాస్కాలా రాష్ట్రపు పల్లెల్లో గమనించిన పద్ధతి ఇది. కొడుకు పెళ్ళి చేసుకుని భార్యను తల్లిదండ్రుల ఇంటికే తెస్తాడు. కొన్నేళ్ళ తర్వాత పక్కనే వేరు కాపురం పెడతాడు. చిట్టచివరి కొడుకు మాత్రం కదలడు. వాణ్ణి స్థానిక నహువాత్ల్ భాష మాటతో "షొకొయొతే" అంటారు. తల్లిదండ్రులను చివరిదాకా చూసుకోవడం వాడి వంతు, ఇల్లూ వాడిదే. పింఛను లేని తల్లికి ముసలితనంలో తిండి, గూడు, వైద్యం అన్నీ ఆ కొడుకే. అలాంటప్పుడు ఆమె వాణ్ణి గట్టిగా పట్టుకుందంటే మేరీమాతను అడ్డం తెచ్చుకోవలసిన పనేముంది? ఆ ఇంటికి వచ్చిన కోడలు ఏం పడిందన్నది తెర మీదికి ఆలస్యంగా వచ్చింది. వచ్చినప్పుడూ అత్త పాత్రను కేవలం గయ్యాళిగానే చూపారు.

వెదికే తల్లులు

ధారావాహికల్లో కొడుకు చివరి వారంలో దొరుకుతాడు. మొంతెర్రే నగరానికి చెందిన గృహిణి రొసారియో ఇబార్రా దె పియెద్రా కొడుకు హెసూస్ వైద్య విద్యార్థి. సాయుధ దళంలో ఉన్నాడన్న ఆరోపణ మీద 1975లో అతన్ని పట్టుకుపోయారు. మళ్ళీ కనిపించలేదు. ఆమె 1977లో అలాంటి తల్లులతో సంఘం పెట్టింది. 1978లో రాజధాని ప్రధాన చర్చిలో వాళ్ళు నిరాహారదీక్ష చేశారు. కొద్ది రోజులకే రాజకీయ ఖైదీలకు క్షమాభిక్ష ప్రకటన వచ్చింది. 1982లో ఆమె దేశాధ్యక్ష పదవికి పోటీ చేసింది. మెక్సికోలో ఆ పని చేసిన మొదటి స్త్రీ ఆమె. అమ్మను పూజిస్తామని ఏటేటా ప్రకటించే ప్రభుత్వానికి, కొడుకు ఫోటో మెడలో వేసుకుని వచ్చిన అమ్మను లాఠీలతో తరమడం అంత సులభం కాలేదు. 2019లో సెనేట్ పతకం ఇస్తే, నిజం తెలిసేదాకా మీ దగ్గరే ఉంచండని అధ్యక్షుడికే అప్పగించింది. 2022 ఏప్రిల్‌లో, 95వ ఏట, కొడుకు ఏమయ్యాడో తెలియకుండానే చనిపోయింది.

తర్వాతి నెలలో మెక్సికో అధికారిక జాబితాలో తప్పిపోయిన వారి సంఖ్య లక్ష దాటింది. మాదకద్రవ్యాల ముఠాల హింస మొదలయ్యాక అందులో అధిక భాగం చేరింది. రాజధానిలో 1949లో కట్టిన మాతృ స్మారకం ఒకటుంది. 2017 సెప్టెంబరు భూకంపంలో దాని మధ్యనున్న తల్లి విగ్రహం కూలి ముక్కలైంది, మరుసటి ఏడాది అతికించి నిలబెట్టారు. 2012 నుంచి ప్రతి మే 10న తప్పిపోయిన వారి తల్లులు అక్కడి నుంచే ఊరేగింపుగా బయల్దేరుతున్నారు. మిగతా దినాల్లో చాలామంది పొలాల్లో, గుట్టల్లో తిరుగుతారు. ఇనుప చువ్వను సుత్తితో నేలలోకి దింపి, పైకి లాగి, కొన వాసన చూస్తారు. కుళ్ళు వాసన వస్తే అక్కడ తవ్వుతారు.

ఎముక దొరికితే అసలు పని ప్రయోగశాలది. కణంలో కేంద్రకంలోని డి.ఎన్.ఎ. కాకుండా మైటోకాండ్రియాలో మరికొంత డి.ఎన్.ఎ. ఉంటుంది. అది తల్లి నుంచి మాత్రమే బిడ్డకు వస్తుంది. కొడుకు దాన్ని మోస్తాడు గానీ తన పిల్లలకు ఇవ్వలేడు. ఒక్కో కణంలో వందల ప్రతులు ఉండటం వల్ల పాతబడిన ఎముకలోంచి కూడా దొరికే అవకాశం ఎక్కువ. తండ్రీ లేక, ఇతర బంధువులూ లేక, తల్లి ఒక్కతే మిగిలినా పోల్చి చూడవచ్చు. అర్జెంటీనాలో సైనిక పాలన కాలంలో అపహరణకు గురైన పసిపిల్లలను వాళ్ళ అమ్మమ్మలతో కలపడానికి జన్యు శాస్త్రజ్ఞురాలు మేరీ క్లెయిర్ కింగ్ ఈ గుణాన్నే వాడుకుంది. మెక్సికోలో తల్లులు లాలాజలం, రక్తం నమూనాలు ఇచ్చి వచ్చారు, కొందరు రెండు మూడు కార్యాలయాల్లో ఇచ్చారు. గుర్తు తెలియని మృతులు 52 వేలకు పైగా ఉన్నారని ఐక్యరాజ్యసమితి కమిటీ 2022 నివేదిక చెప్పింది. ఆ రెండు జాబితాలనూ పక్కపక్కన పెట్టి చూసే పని అప్పటికి చాలా వెనకబడి ఉంది.